వజ్రాల వేట – మా ఇంటి వీడియో క్యాసెట్టు

ప్రత్యేక సంచికకు మన జిల్లా చరిత్ర మీద ఏదైనా రాయమని కార్యదర్శిగారు రెండుసార్లు ఫోను చేశారు. నేను చరిత్రకారుణ్ణి కాను. 1972లో ఎల్.డి.సి.గా చేరి, ముప్పై ఆరేళ్లు రెవెన్యూ శాఖలో కాగితాలు మోసి, 2008లో సీనియర్ అసిస్టెంటుగా రిటైరయినవాణ్ణి. అయితే మా ఇంట్లో ఒక వీడియో క్యాసెట్టు ఉంది. అది 1996 జూన్‌లో జొన్నగిరి పొలాల్లో తీసినది. దాని పక్కన 2022లో మా మనవడు ఫోనుతో తీసిన మరో ఫిల్ము చేరింది. ఈ రెంటి కథ చెబితే అందులో కొంత చరిత్ర కూడా వస్తుందని ధైర్యం చేసి రాస్తున్నాను.

కర్నూలు, అనంతపురం జిల్లాల మిత్రులకు వజ్రాల వేట గురించి కొత్తగా చెప్పనక్కరలేదు. మిగతా జిల్లాల వారి కోసం చెబుతున్నాను. తొలకరి వాన పడి నేల కడుక్కుపోగానే తుగ్గలి మండలంలోని జొన్నగిరి, పగిడిరాయి, మద్దికెర మండలంలోని పెరవలి, అనంతపురం జిల్లా వజ్రకరూరు చుట్టుపక్కల పొలాల్లో జనం దిగుతారు. తెచ్చుకునే సామాను సద్దిమూట, నీళ్ల సీసా, నెత్తికి ఒక తువ్వాలు, అంతే. ఎండ ఏటవాలుగా పడే పొద్దున, సాయంత్రం నడుములు వంచి నేల మీద చూపు నిలిపి నడుస్తారు. తళుక్కుమన్న ప్రతి రాయినీ తీసి, తుడిచి, ఎండకు పెట్టి చూస్తారు. నూటికి తొంభై తొమ్మిది పలుగురాళ్లే. అవి పారేసి మళ్లీ వంగుతారు. రైతులు విత్తనం వేసే దాకానే ఈ వేట. విత్తిన తర్వాత చేలోకి అడుగు పెడితే ఊరుకోరు. ఆ రాత్రుళ్లు గుడి అరుగుల మీద, చెట్ల కింద పడుకుంటారు. ఇటు కడప, ప్రకాశం నుంచి, అటు బళ్లారి వైపు నుంచి కూడా వస్తారు.

నేను 1976 నుంచి 1981 వరకు పత్తికొండ తాలూకాఫీసులో పనిచేశాను. అప్పటికి మండలాలు లేవు, అవి 1985లో వచ్చాయి. కరణాలు ఉన్నారు, వాళ్లను 1984లో తీసేశారు. ఏటా జూన్‌లో ఫలానా గ్రామంలో ఫలానావాడికి రాయి దొరికిందట అని ఆఫీసులో గుసగుసలు వచ్చేవి. ఒక్కటైనా ఫైలుకెక్కిన గుర్తు నాకు లేదు. ఒకసారి కొత్తగా వచ్చిన ఒక అధికారి నన్ను పిలిచి, 1878 నాటి నిక్షేపాల చట్టం కింద నోటీసు తయారు చేయమన్నారు. భూమిలో పాతిపెట్టిన సొమ్ము పది రూపాయల విలువ దాటితే దొరికినవాడు కలెక్టరుకు రాతపూర్వకంగా తెలియజేయాలన్నది ఆ చట్టం. నేను భయపడుతూనే, అయ్యా, అది మనిషి దాచిన సొమ్ముకు వర్తిస్తుంది, వజ్రం దేవుడు దాచినది, అది ఖనిజం, 1957 చట్టం కిందికి వస్తుంది, అది గనుల శాఖవారి సంగతి అని నోటు పెట్టాను. ఆయన నవ్వి సంతకం చేసి ఫైలు మూసేశారు. నా సర్వీసులో నేను గర్వపడే నోట్లు రెండో మూడో ఉంటే అందులో అదొకటి.

ఆ నోటు రాసేటప్పుడు నా మనసులో ఇంకో సంగతి ఉంది. మా తమ్ముడు ఆ పొలాల్లోనే తిరుగుతుండేవాడు.

నేను చదువుకుని ఉద్యోగంలో పడ్డాను. వాడు పదో తరగతి తప్పి నాలుగెకరాల మెట్టచేను చూసుకుంటూ ఉండిపోయాడు. వేరుశనగ పండితే పండినట్లు, లేకుంటే లేదు. 1987 జూన్‌లో వాడికి ఒక రాయి దొరికింది. కందిగింజ కంటే కొంచెం పెద్దది, లేత పసుపు చాయ. ఒక వ్యాపారికి చూపితే చేతిలో మూడువేల ఐదువందలు పెట్టాడట. ఆ డబ్బుతో వాడు అప్పు తీర్చి, వదినకని మా ఆవిడకు ఒక చీర కూడా తెచ్చాడు. ఆరునెలల తర్వాత ఎవరో ఆ రాయి నలభైవేలకు మారిందని చెప్పారు. నిజమో అబద్ధమో దేవుడికే తెలియాలి. ఆ మాట విన్న దగ్గర్నుంచి మావాడు ప్రతి తొలకరికీ చేను దున్నడం మానేసి జొన్నగిరి దారి పట్టేవాడు. నాకు కోపం, సిగ్గు రెండూ ఉండేవి. తాలూకాఫీసు గుమాస్తా తమ్ముడు పొలాల్లో రాళ్లు ఏరుకుంటున్నాడని పదిమందీ అనుకోరా?

ఇప్పుడు క్యాసెట్టు సంగతి. 1996లో మా పెద్దమ్మాయి పెళ్లికి గుత్తి నుంచి వీడియో తీసే కుర్రవాణ్ణి పిలిపించాం. భుజాన పెట్టుకునే పెద్ద కెమెరా అతనిది. పెళ్లి అయిన మర్నాడు క్యాసెట్టులో ఇంకా గంట మిగిలి ఉందన్నాడు. వృథా చేయడం ఎందుకని, అదనంగా రెండువందలు ఇస్తానని చెప్పి, అతన్ని జీపులో జొన్నగిరి తీసుకుపోయాను. అప్పటికి నాకు చరిత్ర పుస్తకాల పిచ్చి పట్టి ఉంది. వజ్రాల చరిత్ర మీద నేనే మాట్లాడుతూ, మా తమ్ముణ్ణి చూపిస్తూ ఒక డాక్యుమెంటరీ తీయిద్దామని నా కోరిక. నాలుగు పేజీలు రాసుకుని మరీ పోయాను.

అందులో ముఖ్యమైనవాడు టావెర్నియర్. ఫ్రాన్సు దేశపు రత్నాల వర్తకుడు. 1630 నుంచి 1668 మధ్య ఆరుసార్లు తూర్పుదేశాలకు ప్రయాణం చేసి, ఆ వివరాలు 1676లో పుస్తకంగా వేశాడు. గోల్కొండ సుల్తానుల ఏలుబడిలోని కొల్లూరు గనిని కళ్లారా చూశాడు. కృష్ణ ఒడ్డున, పల్నాడులో ఉండేది ఆ ఊరు. అక్కడ దాదాపు అరవైవేల మంది పనిచేస్తున్నారని రాశాడు. మగవాళ్లు తవ్వడం, ఆడవాళ్లు పిల్లలు మట్టి మోయడం, గోడ కట్టిన మడిలో ఆ మట్టి పోసి నీళ్లు పెట్టి బురద పోగొట్టడం, మిగిలినది ఎండబెట్టి చేటలతో చెరిగి చేతులతో వెతకడం, ఇదీ పద్ధతి. పన్నెండు పద్నాలుగు అడుగులు తవ్వేసరికి నీరు ఊరేది, అక్కడితో ఆపేవారు. మరో గనిని రావోల్‌కొండ అన్నాడు. 1889లో ఆ పుస్తకాన్ని ఇంగ్లీషు చేసిన వాలెంటైన్ బాల్ అనే భూగర్భ శాస్త్రవేత్త అది మన కర్నూలు దగ్గరి రామళ్లకోటే అన్నాడు. కాదు, రాయచూరు వైపుదని వాదించినవారూ ఉన్నారు. నేను మటుకు రామళ్లకోట పక్షం, జిల్లా అభిమానం అనుకోండి. ఆ గనిలో పని బాగా తెలిసిన కూలికి కూడా ఏడాదికి మూడు వరహాలే ఇచ్చేవారట.

కొల్లూరు గని ఎట్లా బయటపడిందో కూడా టావెర్నియర్ రాశాడు. తాను చూసేనాటికి వందేళ్ల కిందట, ఒక పేదవాడు ధాన్యం చల్లుకుందామని నేల తవ్వుతుంటే పాతిక క్యారెట్ల రాయి కనపడిందట. వాడు దాన్ని గోల్కొండ వర్తకుడికి చూపితే ఆయన నిర్ఘాంతపోయాడట. ఆ తర్వాత జనం ఎగబడ్డారు. కోహినూరు ఈ గనిదేనని చాలామంది నమ్మకం. దానికి గట్టి రుజువు లేదు. 1739లో నాదిర్‌షా ఢిల్లీ నుంచి పట్టుకుపోయాడు, 1849లో ఇంగ్లీషువారి చేతికి చిక్కింది, 1852లో 186 క్యారెట్ల రాయిని సానపట్టి 105కు దించారు. ఇదంతా తేదీలతో సహా దొరుకుతుంది. ఆ ధాన్యం చల్లుకోబోయిన పేదవాడి పేరు మాత్రం టావెర్నియర్ రాయలేదు, ఎవరూ రాయలేదు. అతనికి ఎంత ముట్టిందో కూడా లేదు.

ఇదంతా నేను జొన్నగిరి చేలో నిలబడి, కెమెరా వైపు తిరిగి, పక్కన మా తమ్ముణ్ణి నిలబెట్టుకుని ఉపన్యసించాను. గాలికి కాగితాలు ఎగిరిపోతుంటే వాడే పరుగెత్తి పట్టుకొచ్చి ఇచ్చాడు. అదీ టేపులో ఉంది. ఆ వీడియో కుర్రవాడు పెళ్లి క్యాసెట్టుతో కలిపి మిక్సింగు చేసి ఇచ్చేటప్పుడు, అలవాటు ప్రకారం, మా తమ్ముడి ముఖాన్ని ఒక తామరపువ్వులో పెట్టి గుండ్రంగా తిప్పాడు. ఇంటిల్లిపాదీ నవ్వుకున్నాం. అందరికంటే ఎక్కువ వాడే నవ్వాడు.

మా తమ్ముడు 2003లో పోయాడు. రెండో రాయి దొరకనే లేదు. క్యాసెట్టు బీరువాలో కలరా ఉండల మధ్య ఉండిపోయింది. వి.సి.ఆర్. చెడిపోయాక చూసే దారీ లేకపోయింది. 2019లో మా మనవడు (పెళ్లి చేశానన్నానే, ఆ అమ్మాయి కొడుకే, ఇంజనీరింగు చదివాడు) దాన్ని బయటికి తీస్తే టేపు అంచున తెల్లగా బూజు. కర్నూలులో ఒకాయన ఓపికగా శుభ్రం చేసి కంప్యూటరుకు ఎక్కించి ఇచ్చాడు. అక్కడక్కడ బొమ్మ చెదిరినా మాట బాగానే వినపడుతోంది.

ఇరవై మూడేళ్ల తర్వాత మళ్లీ చూశాను. జొన్నగిరిలో తీసింది మొత్తం నలభై ఏడు నిమిషాలు. అందులో మా తమ్ముడి మాటలు కూడితే నాలుగు నిమిషాలు లేవు. మిగతాదంతా నా గొంతే. ఒకచోట నేను వాణ్ణి అడుగుతాను, "పదేండ్లాయె, ఇంకా ఎందుకొస్తావురా?" అని. వాడు నేల చూస్తూ, "దొరుకుతాదని కాదన్నా..." అని ఆగుతాడు. అంతలో నేను, "ఇదిగో, ఇప్పుడు టావెర్నియర్ ఏమన్నాడంటే..." అని అందుకుంటాను. వాడు నోరు మూసుకుని నా వైపు వినయంగా చూస్తూ నిలబడతాడు.

మనవడు అక్కడ ఆపి, వెనక్కి తిప్పి మూడుసార్లు వేశాడు. "తాతా, చిన్నతాత ఏదో చెప్పబోయాడు. ఏంటది?" అన్నాడు. నాకు తెలియదన్నాను. నిజంగానే తెలియదు. ఆ తర్వాత ఏడేళ్లు బతికాడు, నేనే అడగలేదు.

ఆ బాధలోంచి వచ్చిందే రెండో ఫిల్ము. ఈసారి మనవడే తీస్తానన్నాడు. వాడు పెట్టిన షరతు ఒక్కటే, నేను ప్రశ్న అడిగిన తర్వాత నోరు విప్పకూడదు. ఎదుటివాళ్లు ఎంతసేపు ఊరుకున్నా నేనూ ఊరుకోవాలి. ఆఫీసులో అరవై నిమిషాలు అధికారి ముందు చేతులు కట్టుకుని నిలబడటం కంటే ఇది కష్టమని నాకు అప్పుడే తెలిసింది.

ముందు పల్నాడు పోయాం, కొల్లూరు చూపించాలని. అక్కడ ఊరు లేదు. పులిచింతల ప్రాజెక్టు 2013 డిసెంబరులో ప్రారంభమైంది, కొల్లూరు ఆ జలాశయంలో మునిగిపోయింది. కె.ఎల్. రావు సాగరం అని దానికి పేరు. ఒడ్డున నిలబడితే కనిపించేది నీళ్లు, గట్లు, ఒక చేపల పడవ. "ఇక్కడేం తీయాలి తాతా?" అన్నాడు మనవడు. నీళ్లే తీయమన్నాను. నాలుగు నిమిషాలు ఒట్టి నీళ్లే ఉన్నాయి ఫిల్ములో. అరవైవేల మంది తవ్విన గోతులు ఆ అడుగునే ఉన్నాయి.

అక్కడి నుంచి మన వైపు వచ్చాం. గుత్తి–పత్తికొండ దారిలో ఎర్రగుడి దగ్గర ఆగాం. అక్కడి గుట్ట మీది అశోకుని శాసనాలు మిత్రులు చాలామంది చూసే ఉంటారు. 1920ల చివర వాటిని లోకానికి తెలియజెప్పినది ఒక భూగర్భ శాస్త్రవేత్త. రాళ్ల పని మీద వచ్చినవాడికి రాతలు దొరికాయన్నమాట. నేను పత్తికొండలో ఉన్న ఐదేళ్లలో ఆ దారిన ఎన్నిసార్లు బస్సులో పోయానో లెక్కలేదు, దిగి చూసింది ఒకేసారి.

వజ్రకరూరులో మనవడు భూగర్భ శాస్త్రం సంగతి చెప్పాడు. ఈ భాగం వాడిదే, నేను అప్పజెప్పిన పాఠం కాదు. భూమి లోపల నూట యాభై కిలోమీటర్ల పైగా లోతున పుట్టిన వజ్రం కింబర్లైటు అనే శిల వెంట పైకి వస్తుందట. ఆ శిల గొట్టం మాదిరి నేలను చీల్చుకుని వస్తుంది. వజ్రకరూరు గొట్టాలు సుమారు నూటపది కోట్ల సంవత్సరాల నాటివి. పైభాగం వానలకు అరిగి, రాళ్లు వాగుల వెంట కొట్టుకుపోయి, చెల్లాచెదరైపోయాయి. బనగానపల్లె పేరు మీద శాస్త్రవేత్తలు పిలిచే గులకరాతి పొరలో కూడా వజ్రాలున్నాయి, వెనకటి గనులు చాలా దాంట్లోవే. 1881లో వజ్రకరూరులో 67 క్యారెట్ల రాయి దొరికింది. మరుసటి ఏడు షాపెర్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త వచ్చి అక్కడి శిలలు పరీక్షించిపోయాడు. అప్పటికి మన వజ్రాల పని ఎప్పుడో చప్పబడిపోయింది. పద్దెనిమిదో శతాబ్దంలో బ్రెజిల్ వజ్రాలు, 1867 తర్వాత దక్షిణాఫ్రికా వజ్రాలు వచ్చి పడ్డాయి గదా. గనులు పోయాయి, వెతికే అలవాటు పోలేదు.

జొన్నగిరికి 2022 జూన్ నెలాఖరున, వాన పడిన రెండోనాడు చేరుకున్నాం. చేలో ఒక రెండువందల మంది ఉన్నారు. ఫోను ఎత్తగానే సగంమంది ముఖం తిప్పేశారు. ఇది చట్టం ఒప్పుకునే పని కాదు, అమ్మకాలు చాటుగా జరుగుతాయి. ఒకామె మా దగ్గరికే వచ్చి, "పెద్దాయనా, నా ముఖం తీయొద్దు. మా ఇంట్లో కూలికి పోతున్నానని చెప్పి వచ్చినా" అంది. అప్పుడే మనవడు నిర్ణయించుకున్నాడు, ముఖాలు వద్దు, చేతులు, కాళ్లు, నేల చాలునని. అందువల్ల ఫిల్ములో సగం సేపు మట్టిలో తిరిగే వేళ్లే ఉంటాయి. మొదట నాకు నచ్చలేదు. చూడగా చూడగా ఎవరి వేళ్లు ఎవరివో గుర్తుపట్టే స్థితికి వచ్చాను.

ఆ ఆమెనే అడిగాను, ఎందుకు వస్తావమ్మా అని. అడిగి పళ్లు బిగబట్టుకుని ఊరుకున్నాను. ఆమె రెండు రాళ్లు తీసి చూసి పారేసింది. తర్వాత అంది, "మిరపకోతలు అయిపోయినాయి. కలుపులు మొదలు కావాలంటే ఇంకా నెల పట్టె. ఊర్లో ఊరికే కూర్చుంటే ఏమొస్తాది?" నేను ఇంకా ఊరుకున్నాను. "పోయినేడు ఏమీ దొరకల్యా. ఆ ముందేడు ఒకటి దొరికింది, ఎనిమిదివేలు. పాపకు ఫీజు కట్టినా." ఇంకా కొంతసేపు అయ్యాక, "నువ్వు కూడా వంగు పెద్దాయనా, నిలబడి ఏం చేస్తావు" అంది. నేను వంగాను. మోకాళ్లు పట్టేశాయి. అదీ ఫిల్ములో ఉంది, మనవడు తీసేయనన్నాడు.

ఆమె చెప్పింది విన్నాక నా నాలుగు పేజీల చరిత్రలో లేనిది ఒకటి అర్థమైంది. ఈ వేట అంతా కోతకూ కలుపుకూ మధ్య ఖాళీ నెలలో జరుగుతుంది. దురాశ అని పేపర్లలో వెటకారంగా రాస్తారు, నేనూ ముప్పై ఏళ్లు అట్లాగే అనుకున్నాను. మా తమ్ముడు దున్నడం మానేసి పోతున్నాడని తిట్టేవాణ్ణి. ఆ చేను దున్నితే ఏడాదికి వాడికి ఎంత మిగిలేదో, అడంగల్ లెక్కలు చూసే నాకు తెలియనిదా? చాలా ఏళ్లు విత్తనం ఖర్చు కూడా వచ్చేది కాదు.

అమ్మకం సంగతి కూడా చెప్పాలి. టావెర్నియర్ రాసినదాని ప్రకారం, కొనేవాడూ అమ్మేవాడూ ఎదురెదురుగా కూర్చుని, గుడ్డ కింద చేతులు కలిపి, వేళ్లు నొక్కి ధర తేల్చుకునేవారు. పక్కనున్నవాడికి ఒక్క మాట వినపడదు. ఇప్పుడు టెండరు అంటారు. వ్యాపారులు తలా ఒక చీటీ మీద ధర రాసి ఇస్తారు, ఎక్కువ రాసినవాడికి రాయి. కొందరు వ్యాపారులు వెతికేవాళ్లకు తిండి ఖర్చులు ముందే ఇచ్చి, దొరికితే తమకే ఇవ్వాలని కట్టుబాటు చేసుకుంటారు. మధ్యప్రదేశ్‌లోని పన్నాలో పద్ధతి వేరు. అక్కడ సర్కారు చిన్న చిన్న జాగాలు తవ్వుకోవడానికి పట్టా ఇస్తుంది. దొరికిన రాయి వజ్రాల ఆఫీసులో జమ చేస్తే, వేలం వేసి, రాయల్టీ సుమారు పన్నెండు శాతం పట్టుకుని మిగతాది దొరికినవాడికి ఇస్తారు. రిజిస్టరులో పేరుంటుంది, తూకముంటుంది, తేదీ ఉంటుంది. మన వైపు అట్లాంటి రిజిస్టరు ఒకటి ఉండి ఉంటే మా తమ్ముడి రాయి నిజంగా ఎంతకు పోయిందో నేను నకలు దరఖాస్తు పెట్టి తెలుసుకునేవాణ్ణి. గుమాస్తా బుద్ధి, ఏం చేస్తాం.

మనవడు రెండు ఫిల్ములూ కలిపి కూర్చాడు. 1996 టేపులో నా ఉపన్యాసం దాదాపు అంతా కత్తిరించాడు. నేను అభ్యంతరం చెప్పలేదు, ఒక్క కాగితాలు ఎగిరిపోయే ముక్క మాత్రం ఉంచమన్నాను. "దొరుకుతాదని కాదన్నా..." అన్న తర్వాత నా గొంతు రాకుండా అక్కడ శబ్దం ఆపేశాడు. వాడి ముఖం మాత్రం అట్లాగే కొన్ని క్షణాలు నిలబడి ఉంటుంది. తామరపువ్వు కూడా ఉంచాడు, చివర.

మొత్తం నలభై ఒక్క నిమిషాలు వచ్చింది. వార్షిక సమావేశం నాడు భోజనాల తర్వాత సభ్యులకు చూపించడానికి కార్యదర్శిగారు ఒప్పుకున్నారు. పెన్‌డ్రైవు నేనే తెస్తాను. సంఘ భవనంలోని టీవీకి శబ్దం సరిగా వచ్చేట్టు ముందురోజే ఒకసారి చూసుకోవలసిందిగా మనవి. మా తమ్ముడిది కొంచెం సన్నటి గొంతు.